అధ్యక్షుల సొంత ఊళ్లలో: ఇలినాయ్, మిస్సోరి, కాన్సాస్, అయోవా

అమెరికా వచ్చిన తల్లిదండ్రులను నయాగరాకు, న్యూయార్కుకు, వాషింగ్టన్‌కు తిప్పడం ఇక్కడున్న మనవాళ్లందరికీ ఆనవాయితీ. బాపట్ల దగ్గర ఉన్నత పాఠశాలలో ముప్ఫై ఏళ్లకు పైగా సాంఘికశాస్త్రం బోధించి విశ్రాంతి తీసుకుంటున్న మా నాన్నగారు మాత్రం, వైట్‌హౌస్‌ను కంచె బయట నిలబడి చూడటం కంటే, అందులో అడుగుపెట్టక ముందు ఆ మనుషులు ఎక్కడ బతికారో, దిగిపోయాక ఎక్కడికి చేరుకున్నారో చూడాలని ఉందన్నారు. మేముండే షికాగో శివారు నుంచి కారులో చుట్టి రాగలిగినంత దూరంలో లింకన్, ట్రూమన్, ఐసెన్‌హోవర్, హూవర్ ఊళ్లున్నాయి. వారం క్రితమే తిరిగి వచ్చాం. వివరాలు చెదిరిపోకముందే రాసి పెడుతున్నాను.

జూన్ 4, న్యూ సేలం

స్ప్రింగ్‌ఫీల్డ్‌కు వాయవ్యంగా ఇరవై మైళ్ల దూరంలో, సంగమాన్ నది ఒడ్డున గుట్ట మీద ఉంది న్యూ సేలం. దారిలో ఒక వంతెన మూసి ఉండటంతో ఫోను మమ్మల్ని మొక్కజొన్న చేల మధ్య కంకర బాటలోకి మళ్లించి, అక్కడ సిగ్నలు లేక చేతులెత్తేసింది. చేలో పనిచేసుకుంటున్న ఒక పెద్దాయన మమ్మల్ని చూసి, ట్రాక్టరు ఆపి, దిగి వచ్చి దారి చెప్పాడు. నాన్నగారు ఆయన్ను ఎకరాకు దిగుబడి ఎంతని అడిగారు. రెండు వందల బుషెళ్లకు తగ్గదని ఆయన చెప్పగా, ఒక బుషెల్ ఇరవై అయిదు కిలోల పైచిలుకు కాబట్టి యాభై క్వింటాళ్లన్నమాట అని నాన్నగారు అక్కడికక్కడే లెక్కకట్టారు. అంత దూరం నుంచి లింకన్ కోసం వచ్చారా అని ఆయన రెండుసార్లు అడిగి, చేతిలో చెయ్యి వేసి మరీ పంపాడు.

లింకన్ ఇక్కడికి 1831లో వచ్చి 1837 వరకు ఉన్నాడు. ఇప్పుడు కనిపించే దుంగల ఇళ్లన్నీ పాత పునాదుల మీద తిరిగి కట్టినవే. పీపాలు తయారుచేసే పనివాడి దుకాణం ఒక్కటే అసలు నాటిది. పీపాల కోసం చెక్కిన చెక్కపొట్టును మంటవేసుకుని, ఆ వెలుగులో లింకన్ రాత్రిళ్లు చదువుకునేవాడని చెబుతారు. తలుపు దగ్గర నిలబడి చూస్తే లోపల ఇద్దరు మనుషులు ఒళ్లు విరుచుకుంటే గోడలు తగిలేటంత చోటే ఉంది.

మమ్మల్ని ఎక్కువసేపు నిలబెట్టింది ఆయన కొట్టు. విలియం బెర్రీ అనే భాగస్వామితో కలిసి అప్పు మీద పెట్టిన ఆ వ్యాపారం దివాలా తీసింది. 1835లో బెర్రీ చనిపోవడంతో సుమారు 1,100 డాలర్ల బాకీ మొత్తం లింకన్ నెత్తిన పడింది. కోర్టువారు ఆయన గుర్రాన్నీ, సర్వే పనిముట్లనూ జప్తు చేసి వేలం వేస్తే, ఒక స్నేహితుడు పాడుకుని తిరిగి ఆయన చేతికే ఇచ్చాడు. సరిహద్దు ప్రాంతాల్లో అప్పులపాలైనవాళ్లు రాత్రికి రాత్రి ఊరు విడిచిపోవడం మామూలుగా ఉన్న ఆ రోజుల్లో, ఆయన దానికి ‘జాతీయ రుణం’ అని పేరు పెట్టుకుని, సర్వే పనులు, పోస్టుమాస్టరు ఉద్యోగం, ఆ తరవాత వకీలు వృత్తి చేసుకుంటూ ఏళ్ల తరబడి తీర్చాడు. ఊరు మాత్రం 1840 నాటికే ఖాళీ అయిపోయింది. నదిలో పడవలు నడవలేదు, కౌంటీ కేంద్రం పక్కనున్న పీటర్స్‌బర్గ్‌కు వెళ్లింది. ఆ పీటర్స్‌బర్గ్‌కు వీధులు కొలిచి ఇచ్చినవాడు కూడా లింకనే.

జూన్ 5, స్ప్రింగ్‌ఫీల్డ్

ఎనిమిదో వీధి, జాక్సన్ వీధి కూడలిలో ఉన్న లేత గోధుమరంగు ఇల్లు లింకన్ జీవితంలో సొంతంగా కొనుక్కున్న ఏకైక ఇల్లు. 1844లో, తనకు పెళ్లి చేయించిన మతగురువు దగ్గరే, 1,200 డాలర్ల నగదుకూ ఒక స్థలానికీ కొన్నాడు. మొదట ఒకటిన్నర అంతస్తుల కొంప. ఆదాయం పెరిగాక 1856లో పైఅంతస్తు పూర్తిగా లేపారు. లోపలికి వెళ్లడానికి డబ్బు తీసుకోరు, సమయం రాసిన టికెట్టు మాత్రం ముందే తీసుకోవాలి. పెద్దకొడుకు రాబర్ట్ 1887లో ఇంటిని రాష్ట్రానికి అప్పగిస్తూ, బాగా చూసుకోవాలని, చూడవచ్చినవారి దగ్గర రుసుము తీసుకోకూడదని షరతు పెట్టాడు. నేషనల్ పార్కు చేతికి వచ్చాక కూడా ఆ మాట నిలబడింది.

మా గుంపును తిప్పిన రేంజరు మధ్యవయసు స్త్రీ. దేన్నీ ముట్టుకోవద్దని గదిగదికీ చెబుతూ వచ్చిన ఆవిడ, మెట్ల దగ్గర ఆగి, ఈ చేతిపట్టీ ఒక్కటీ మీరు పట్టుకోవచ్చు, లింకన్ రోజూ పట్టుకుని ఎక్కిన పట్టీ ఇదేనని చెప్పింది. నాన్నగారు మెట్లెక్కేటప్పుడు మోకాళ్లనొప్పికి ఎడమచేయి గోడకు ఆనిస్తారు. ఆ రోజు మాత్రం కుడిచేత్తో ఆ కర్రను పట్టుకుని, ఒక్కో మెట్టుకూ ఆగి ఎక్కారు. వెనక ఉన్నవాళ్లెవరూ తొందరపెట్టలేదు. పైన లింకన్ రాసుకున్న బల్ల ఉంది. బడిపిల్లల బల్లకంటే మరీ పెద్దదేమీ కాదు. ఆయన రెండో కొడుకు ఎడ్డీ నాలుగేళ్లు నిండకుండా 1850లో చనిపోయింది ఈ ఇంట్లోనే. 1860 మే నెలలో పార్టీ ప్రతినిధులు వచ్చి నామినేషను సంగతి అధికారికంగా తెలియజేసిందీ ఈ ఇంటి ముందుగదిలోనే.

ఇంటికి కొద్దిదూరంలో ఒక ఖాళీ స్థలం ఉంది. అక్కడ జేమ్సన్ జెంకిన్స్ అనే నల్లజాతి బండివాడు ఉండేవాడు. పారిపోయి వచ్చిన బానిసలను ఉత్తరానికి దాటించడంలో అతని చేయి ఉంది. 1861 ఫిబ్రవరి 11న లింకన్‌ను రైలుస్టేషనుకు బండిలో తీసుకువెళ్లినది అతనేనని చెబుతారు. ఆ ఉదయం స్టేషనులో లింకన్, పాతికేళ్లు తనను మోసిన ఈ ఊరిని విడిచిపోతున్నానని, తిరిగి ఎప్పుడు వస్తానో, అసలు వస్తానో రానో తెలియదని చెప్పి బయలుదేరాడు. తిరిగి వచ్చింది శవపేటికే. 1865 మే 4న ఓక్‌రిడ్జ్ శ్మశానంలో ఖననం జరిగింది. సమాధి ముందు శిల్పి గట్జన్ బోర్గ్లం చేసిన లింకన్ కంచు తల ఉంది. వచ్చినవాళ్లందరూ ముక్కును తడమడంవల్ల అది ఒక్కటే బంగారంలా మెరుస్తోంది.

ఈ ఊరికి వచ్చినవాళ్లు అక్కడితో ఆగిపోకూడదని నా గట్టి అభిప్రాయం. బానిసత్వాన్ని రద్దు చేసిన నాయకుడి ఊళ్లోనే 1908 ఆగస్టులో తెల్లవారి మూక నల్లవారి ఇళ్లు తగలబెట్టి, ఇద్దరిని ఉరితీసింది. వారిలో ఒకరైన విలియం డానెగన్ ఎనభై దాటిన చెప్పులు కుట్టే వృద్ధుడు. ఆ ఘోరానికి కలత చెందినవారు కూడదీసుకుని, 1909లో లింకన్ శతజయంతి రోజున, పౌరహక్కుల కోసం ఎన్‌ఏఏసీపీ అనే సంఘాన్ని ప్రారంభించారు. కాలిపోయిన ఇళ్ల పునాదులు బయటపడిన చోటును 2024 ఆగస్టులో జాతీయ స్మారకంగా ప్రకటించారు. చెక్కపట్టీని తడిమిన చేతులతో ఆ స్థలాన్ని కూడా చూడాలి.

రాత్రి భోజనానికి ఈ ఊరి ప్రత్యేకమైన ‘హార్స్‌షూ’ తిన్నాం. మందపాటి కాల్చిన బ్రెడ్డు మీద మాంసం, దాని మీద గుట్టగా వేయించిన బంగాళదుంప ముక్కలు, అన్నిటినీ ముంచేస్తూ వేడి జున్నుసాసు. మాంసం తీసేసి, వేయించిన కూరగాయలు పెట్టగలరా అని అడిగితే, వడ్డించే అమ్మాయి వంటగదిలోకి వెళ్లి అడిగి వచ్చి, అదనంగా ఏమీ తీసుకోకుండా చేయించింది. పదహారు డాలర్ల పళ్లెం మా ఇద్దరికీ మిగిలింది. నాన్నగారు జేబులోంచి మిరప్పొడి పొట్లం తీశారు. ఆ అమ్మాయి తనకూ చిటికెడు కావాలని అడిగి నాలుక మీద వేసుకుని, కళ్లనీళ్లు తుడుచుకుంటూనే బాగుందంది.

జూన్ 6, హానిబల్ మీదుగా

మిసిసిపీ నది దాటగానే హానిబల్, మార్క్ ట్వేన్ పెరిగిన ఊరు. ఇడ్లీలు, కారప్పొడి నది ఒడ్డున బల్ల మీద పెట్టుకుని తిన్నాం. ఇక్కడ కూడా మాకు ఒక అధ్యక్షుడే గుర్తుకొచ్చాడు. యులిసెస్ గ్రాంట్ రెండుసార్లు అధ్యక్షుడిగా చేసి, 1884లో వాల్‌స్ట్రీట్ మోసంలో సర్వస్వం పోగొట్టుకున్నాడు. అప్పట్లో మాజీ అధ్యక్షులకు పింఛను లేదు. గొంతు క్యాన్సరుతో మింగుడుపడని స్థితిలో, భార్య వీధిన పడకూడదని తన యుద్ధ జ్ఞాపకాలు రాయడం మొదలుపెట్టి, పూర్తిచేసిన కొద్దిరోజులకే 1885 జూలై 23న కన్నుమూశాడు. ఆ పుస్తకాన్ని వేసిన ప్రచురణ సంస్థ మార్క్ ట్వేన్‌దే. గ్రాంట్ భార్యకు దానిమీద నాలుగు లక్షల డాలర్లకు పైగా ముట్టాయి.

జూన్ 7, ఇండిపెండెన్స్

ఈ ప్రయాణంలో నేను మళ్లీ వెళ్లాలనుకునే ఇల్లు ఏదంటే నార్త్ డెలవేర్ వీధిలోని 219 నంబరు ఇల్లే. అది హ్యారీ ట్రూమన్ కట్టినది కాదు, అత్తవారిది. పెళ్లయ్యాక అందులో చేరి, అధ్యక్షపదవి ముగిశాక 1953 జనవరిలో తిరిగి అక్కడికే వచ్చి, 1972 డిసెంబరు 26న చనిపోయేవరకు అక్కడే ఉన్నాడు. భార్య బెస్ 1982లో పోతూ ఇంటిని దేశానికి రాసిచ్చింది. ఒక్కో విడతకు కొద్దిమందినే లోపలికి పంపుతారు. పైఅంతస్తు చూపించరు. కింద వంటగదిలో ఇద్దరు కూర్చునే చిన్న బల్ల, మామూలు స్టవ్వు. నడవలో కొక్కేనికి ఆయన కోటు, టోపీ తగిలించి ఉన్నాయి. హిరోషిమా, నాగసాకి మీద అణుబాంబులు వేయించిన మనిషి, కొరియా యుద్ధానికి సైన్యాన్ని పంపిన మనిషి, ఈ బల్ల దగ్గర కూర్చుని కాఫీ తాగాడని అనుకుంటే నాకు గొంతు పట్టేసింది. నాన్నగారు మాత్రం చాలాసేపు ఏమీ మాట్లాడకుండా, బయటికి వచ్చాక, ఆ రెండు ఊళ్ల సంగతి చెప్పేటప్పుడల్లా తరగతిలో పిల్లలు ఎంత నిశ్శబ్దంగా ఉండేవారో చెప్పారు.

ట్రూమన్‌ది కూడా దివాలా కథే. మొదటి ప్రపంచయుద్ధం నుంచి తిరిగివచ్చి, సైన్యంలో తోడున్న ఎడ్డీ జేకబ్సన్‌తో కలిసి 1919లో కాన్సాస్ సిటీలో మగవారి దుస్తుల దుకాణం పెట్టాడు. 1922లో అది మూతపడింది. జేకబ్సన్ దివాలా దాఖలు చేశాడు. ట్రూమన్ ససేమిరా అని, ఏళ్లపాటు తన వంతు అప్పు తీర్చుకుంటూ పోయాడు. స్నేహం చెడలేదు. 1948లో ఇజ్రాయెల్ ఏర్పాటుకు ముందు, కోపంతో ఎవరినీ కలవనన్న ట్రూమన్‌ను ఒప్పించి యూదుల నాయకుడు వైజ్‌మన్‌తో సమావేశపరచింది ఈ జేకబ్సనే. న్యూ సేలంలో కొట్టు చూసివచ్చిన మాకు ఇక్కడ లెక్కలు కలిసినట్టయింది.

ఆయన తల్లి మార్తా చిన్నతనంలో అంతర్యుద్ధపు రోజుల్లో ఉత్తరపు సైన్యం ఆజ్ఞతో వాళ్ల కుటుంబం ఇల్లు విడిచిపోవలసి వచ్చింది. ఆ గాయం ఆమెను జీవితాంతం వదల్లేదు. కొడుకు అధ్యక్షుడయ్యాక వైట్‌హౌస్‌కు వచ్చి, లింకన్ మంచం మీద పడుకోవడం కంటే నేల మీద పడుకుంటానని అన్నదని చెబుతారు. ఆ తల్లి కొడుకే 1948 జూలై 26న సైన్యంలో జాతివివక్షను తొలగించే ఉత్తర్వు మీద సంతకం చేశాడు.

పదవి దిగినప్పుడు ఆయనకు వచ్చేది నెలకు 112 డాలర్ల సైనిక పింఛను మాత్రమే. కాపలాదారులు లేరు. 1953 వేసవిలో భార్యను పక్కన కూర్చోబెట్టుకుని స్వయంగా కారు నడుపుకుంటూ న్యూయార్కు దాకా వెళ్లివచ్చాడు. ఆయన పరిస్థితి చూసే 1958లో మాజీ అధ్యక్షులకు ఏటా 25,000 డాలర్ల పింఛను చట్టం చేశారని అంటారు. అయితే ఆయన చెప్పుకున్నంత పేదవాడు కాదని పాత లెక్కలు పరిశీలించిన పరిశోధకులు ఇటీవల వాదించారు. ఆ వాదనలో బలం ఉందని నాకనిపిస్తుంది, అయినా ఆ కారు ప్రయాణం విలువ తగ్గదు.

ఆయన గ్రంథాలయం ఇంటికి దగ్గరలోనే ఉంది. 1965 జూలై 30న అప్పటి అధ్యక్షుడు జాన్సన్ ఇక్కడికే వచ్చి, వృద్ధులకు ఆరోగ్య బీమా ఇచ్చే మెడికేర్ చట్టం మీద సంతకం చేసి, మొదటి కార్డు ట్రూమన్‌కు ఇచ్చాడు. వృద్ధులకు టికెట్టులో కొంత తగ్గింపు ఉంది. కౌంటరు దగ్గరి ముసలాయన నాన్నగారిని వయసు అడగకుండానే తక్కువ ధర కొట్టి, ఇద్దరమూ ఒకటే బాపతు కదా అన్నట్టు నవ్వాడు. కూడలిలో ఉన్న క్లింటన్స్ సోడా దుకాణం ఒకప్పుడు మందులషాపు, ట్రూమన్ కుర్రవాడిగా మొదట జీతానికి పనిచేసిన చోటు. ఆయనకు ఇష్టమని చెప్పే చాక్లెట్ ఐస్‌క్రీము మీద బటర్‌స్కాచ్ పాకం పోసి ఇచ్చారు. తీపి ఎక్కువే, కానీ నాన్నగారు గిన్నె గీకి తిన్నారు.

జూన్ 8, ఎబిలీన్

కాన్సాస్‌లో 70వ నంబరు హైవే మీద పోతున్నంతసేపూ రెండువైపులా గోధుమ చేలు పసుపు తిరిగి ఉన్నాయి. ఈ రహదారులు కూడా ఐసెన్‌హోవరువే. 1919లో సైనిక వాహనాల వరుసతో దేశం ఈ చివర నుంచి ఆ చివరకు వెళ్లడానికి 62 రోజులు పట్టింది. ఆ గుంతలూ బురదా మరిచిపోని ఆయన 1956లో అంతర్రాష్ట్ర రహదారుల చట్టం మీద సంతకం చేశాడు. హైవే దిగి చిన్న రోడ్డెక్కాక, ఎదురొచ్చే పికప్ ట్రక్కుల వాళ్లు స్టీరింగు మీద నుంచి చేయి తీయకుండా చూపుడువేలు ఒక్కటే పైకెత్తి పలకరించారు. రెండుమూడు ట్రక్కులు దాటేసరికి నాన్నగారు కూడా పక్కసీటులోంచి వేలు ఎత్తసాగారు.

ఎబిలీన్‌లో డ్వైట్ ఐసెన్‌హోవర్‌తో కలిపి ఆరుగురు మగపిల్లలు పెరిగిన ఇల్లు మన ఊళ్లో టీచరుగారి ఇంటికంటే పెద్దది కాదు. తండ్రి వెన్న కర్మాగారంలో మెకానిక్. డ్వైట్, అన్న ఎడ్గర్ ఒక ఒప్పందం చేసుకున్నారు: ఒకరు చదివితే మరొకరు సంపాదించి పంపాలి. అలా డ్వైట్ రాత్రిపూట అదే కర్మాగారంలో పనిచేశాడు. ఫీజు లేని చదువు కోసమే 1911లో వెస్ట్‌పాయింట్ సైనిక కళాశాలకు వెళ్లాడు. తల్లి ఐడా యుద్ధాన్ని పాపంగా భావించే భక్తురాలు. కొడుకును ఆపలేదు, కానీ అతను వెళ్లిన రోజే అమ్మ ఏడవడం మొదటిసారి విన్నానని తమ్ముడు మిల్టన్ తరవాత చెప్పాడు.

ఇంటికి ఎదురుగా ప్రార్థనామందిరంలో ఆయన సమాధి ఉంది. కోరిక మేరకు 80 డాలర్ల సాధారణ సైనిక పేటికలో, యుద్ధకాలపు పొట్టి కోటుతో పూడ్చారు. పక్కన భార్య మేమీ, 1921లో మూడేళ్లకే జ్వరంతో పోయిన పెద్దకొడుకు. ఆ పసివాడి పేరు చదివి నాన్నగారు కాసేపు అక్కడే కూర్చున్నారు.

తరవాత ఆయన చెప్పిన సంగతి నాకు కొత్త. మిగులు ధాన్యాన్ని ఇతర దేశాలకు పంపే పీఎల్-480 చట్టం మీద 1954లో సంతకం చేసింది ఐసెన్‌హోవర్. 1960లలో నాన్నగారు చదువుకున్న బడిలో మధ్యాహ్నం పంచిన పాలపొడి పాలు, మొక్కజొన్న రవ్వ ఉప్మా అమెరికా నుంచి వచ్చినవే. రెండు చేతులు కలిపిన బొమ్మ ఉన్న నూనె డబ్బా ఒకటి మా నానమ్మ పప్పులు పోసుకోవడానికి ఏళ్లపాటు వాడిందట. ఆ ఉప్మా వాసన ఇప్పటికీ ముక్కుకు తగులుతుందని, దానికోసమే బడి మానని పిల్లలు తన తరగతిలో సగం మంది ఉండేవారని చెప్పారు. ఆ సహాయం వెనక అమెరికా రైతుల మిగులు సమస్యా, రాజకీయమూ ఉన్నాయి. ఆయన అది పాఠంగా చెప్పినవారే. ఆకలి తీరిన మాట కూడా నిజమేనన్నారు.

జూన్ 9, వెస్ట్ బ్రాంచ్

అయోవాలో హెర్బర్ట్ హూవర్ పుట్టిన కుటీరం 14 అడుగుల వెడల్పు, 20 అడుగుల పొడవు. రెండే గదులు. తండ్రి కమ్మరి. పక్కనే కొలిమి ఉంది. తండ్రి 1880లో, తల్లి 1884లో పోయారు. తొమ్మిదేళ్లకే అనాథ అయి, పదకొండేళ్లకు రైలెక్కి ఒరెగాన్‌లో మేనమామ ఇంటికి చేరాడు. గనుల ఇంజనీరుగా కోటీశ్వరుడై, మొదటి ప్రపంచయుద్ధంలో బెల్జియం ప్రజలకు తిండి అందించిన వ్యవస్థను నడిపాడు. పిండి సంచుల మీద అక్కడి స్త్రీలు పూలు, కృతజ్ఞతలు కుట్టి తిరిగి పంపారు. నూనె డబ్బా గుర్తున్న నాన్నగారికి ఆ సంగతి మళ్లీ చెప్పనక్కరలేకపోయింది.

అలాంటివాడు అధ్యక్షుడైన ఏడాదే, 1929లో, షేర్ల మార్కెట్ కూలింది. నిరుద్యోగుల గుడిసెల వాడలకు జనం ఆయన పేరే పెట్టారు. 1932లో బోనసు కోసం రాజధానికి వచ్చిన మాజీ సైనికులను సైన్యం తరిమికొట్టినప్పుడు, జనరల్ మెకార్థర్ పక్కనున్న అధికారి ఐసెన్‌హోవర్. మాంద్యాన్ని హూవర్ తేలేదు, కానీ ఆకలిగొన్న సొంత ప్రజలకు కేంద్రం నేరుగా సాయం చేయకూడదని పట్టుబట్టడం, బెల్జియంను ఆదుకున్న మనిషి చేయవలసిన పని కాదని నేను అనుకుంటాను. నాన్నగారు ఆయన పట్ల నాకంటే మెత్తగా ఉన్నారు.

పన్నెండేళ్లు ఎవరూ పిలవని ఆ మనిషిని 1945లో వైట్‌హౌస్‌కు పిలిచింది ప్రత్యర్థి పార్టీకి చెందిన ట్రూమన్. మరుసటి ఏడాది కరువు అంచనాల కోసం ఆయన్ను ప్రపంచమంతా తిప్పాడు, ఆ యాత్రలో హూవర్ మనదేశానికీ వచ్చాడు. ఇండిపెండెన్స్ ఇంటి చుట్టూ ఉన్న ఇనుప కంచె కూడా, జ్ఞాపకాల పేరిట జనం ఇంటిని ఊడబెరుక్కుపోతారని హూవర్ హెచ్చరిస్తే వేసినదే. 1962లో రాసిన ఉత్తరంలో, మీ స్నేహం నా జీవితంలో మీరనుకున్నదానికంటే లోతుగా చేరిందని హూవర్ ట్రూమన్‌కు చెప్పుకున్నాడు. ఆ ఏడాదే ఇక్కడి గ్రంథాలయ ప్రారంభానికి ట్రూమన్ స్వయంగా వచ్చాడు.

ఈ ప్రాంగణంలో కుటీరానికి, కొలిమికి, సమాధికి రుసుము లేదు. పెట్రోలు, గదులు, టికెట్లు, తిండి అంతా కలిపి మాకు ఎనిమిది వందల డాలర్లు దాటలేదు. పెరుగు, పులిహోర చల్లపెట్టెలో ఉండటంవల్ల చాలా మిగిలింది. పెద్దవాళ్లతో వెళ్లేవారు న్యూ సేలం ఎక్కుడుదిగుడు బాటకు ఉదయమే వెళ్లడం మంచిది. నాన్నగారు ఆగస్టు దాకా ఇక్కడే ఉంటారు, అందుకని ఇప్పుడు ఒహైయో మ్యాపు ముందేసుకుని, గ్రాంట్, హేస్, గార్‌ఫీల్డ్, హ్యారిసన్, మెకిన్లీ, టాఫ్ట్, హార్డింగ్ పుట్టిన ఊళ్లకు వరస కడుతున్నారు.